సంకల్పం లేని క్రతువు: కల్పితమతంలో కాలం, శక్తి, బాధ్యత

1. సమస్యా స్వరూపం

'కౢప్' ధాతువు నుంచి పుట్టిన మూడు మాటలు తెలుగులో నిత్యవ్యవహారంలో ఉన్నాయి: కల్పం, కల్పన, సంకల్పం. కల్పం వేదాంగాలలో ఒకటి. క్రతువును ఏ క్రమంలో నిర్వహించాలో చెప్పే శాస్త్రం. అదే మాట కాలగణనలో బ్రహ్మకు ఒక పగలు, అంటే 432 కోట్ల మానవ సంవత్సరాలు. కల్పన అంటే ఊహించి నిర్మించినది. సాహిత్య విమర్శలో నవలకూ కథకూ ప్రాణమైన వ్యాపారం. సంకల్పం క్రతువుకు ముందు కర్త చేసే ప్రకటన. ఫలానా కల్పంలో, మన్వంతరంలో, యుగపాదంలో, సంవత్సరంలో, అయనంలో, ఋతువులో, మాసంలో, తిథిలో, ఫలానా చోట, ఫలానా గోత్రనామాలు గల నేను ఈ కర్మ చేస్తున్నానని కర్త నోటితో చెప్పడమే సంకల్పం. తెలుగునాట శ్రీశైలానికి ఏ దిక్కున, ఏ నదుల నడుమ ఉన్నాడో కూడా కర్త చెప్పుకుంటాడు. క్రతువు, కాలం, ఊహ, కర్తృత్వం అనే నాలుగు భావాలు ఒకే ధాతువు చుట్టూ అల్లుకుని ఉండటం ఆలోచించదగిన విషయం.

ఈ నేపథ్యంలో ఒక ప్రశ్న ఎదురవుతుంది. ఒక రచయిత బుద్ధిపూర్వకంగా ఒక మతాన్ని కల్పించి, దానికి ఋతుచక్రంతోను, విశ్వశక్తితోను ముడిపడిన క్రతువులను ఏర్పరిస్తే, ఆ క్రతువులకు నైతికమైన బరువు ఉంటుందా? అవి అబద్ధమని తోసిపుచ్చాలా, అందమైన అలంకారమని మెచ్చుకుని ఊరుకోవాలా, లేక అవి పాఠకుడిని దేనికైనా బద్ధుణ్ణి చేస్తాయా?

ఇది కేవలం ఊహాప్రశ్న కాదు. రాబర్ట్ హైన్లైన్ నవల 'స్ట్రేంజర్ ఇన్ ఎ స్ట్రేంజ్ ల్యాండ్' 1961లో వెలువడింది. అందులో నీటిని పంచుకుని బంధుత్వం కలుపుకునే క్రతువు ఒకటి ఉంది. మరుసటి సంవత్సరమే దానిని ఆధారం చేసుకుని అమెరికాలో 'చర్చ్ ఆఫ్ ఆల్ వరల్డ్స్' అనే మతసంస్థ మొదలైంది. 2001 జనాభా లెక్కలలో ఇంగ్లండ్, వేల్స్ ప్రాంతాలలో 3 లక్షల 90 వేల మందికి పైగా తమ మతం 'జెడై' అని రాశారు. అది 'స్టార్ వార్స్' చలనచిత్రాలలోని విశ్వశక్తిని కొలిచే కల్పితమతం. చాలామంది హాస్యానికి రాసి ఉండవచ్చు. అయినా కల్పితమతం పుస్తకం అట్టలు దాటి బయటికి రాగలదనడానికి ఇవి నిదర్శనాలు.

ఉర్సులా కె. లెగ్విన్ 1985లో ప్రచురించిన 'ఆల్వేస్ కమింగ్ హోం' నవలలోని కెష్ ప్రజల క్రతువుల ఆధారంగా ఈ సమస్యను పరిశీలించడం, ఆ పరిశీలనకు మీమాంసాశాస్త్ర పరిభాషను సాధనంగా వాడటం ఈ వ్యాసోద్దేశ్యం.

2. కెష్ ప్రజల క్రతువ్యవస్థ

ఈ రచన మామూలు నవలలా సాగదు. సుదూర భవిష్యత్తులో ఉత్తర కాలిఫోర్నియాలోని ఒక నదీలోయలో బతికే కెష్ అనే జనసముదాయం గురించి ఒక మానవశాస్త్రజ్ఞురాలు సేకరించిన సామగ్రిలా కనిపిస్తుంది. కథలు, పాటలు, నాటకాలు, జీవితచరిత్రలు, పటాలు, వంటకాలు, చివర ఒక నిఘంటువు అందులో ఉన్నాయి. మొదటి ప్రచురణతోపాటు కెష్ సంగీతం పేరుతో ఒక క్యాసెట్ కూడా వచ్చింది. సంగీతకర్త టాడ్ బార్టన్. ఆ లోయ నిజానికి నాపా లోయ. రచయిత్రి బాల్యంలో వేసవులు గడిపిన తల్లిదండ్రుల వ్యవసాయక్షేత్రం అక్కడే ఉంది.

కెష్ సమాజం తొమ్మిది 'ఇళ్లు'గా విభక్తమై ఉంటుంది. అయిదు భూమి ఇళ్లు, నాలుగు ఆకాశపు ఇళ్లు. బతికున్న మనుషులు భూమి ఇళ్లకు చెందుతారు. వాన, మబ్బు, గాలి, నిశ్చలవాయువు అనే ఆకాశపు ఇళ్లు మృతులకూ ఇంకా పుట్టనివారికీ అడవి జంతువులకూ నెలవులు. ఈ మొత్తానికి గుర్తు రెండు సర్పిలాలు. ఒకటి అయిదు వైపు నుంచి, మరొకటి నాలుగు వైపు నుంచి లోపలికి తిరుగుతూ వస్తాయి. కాని నడుమ కలుసుకోవు. వాటి మధ్య ఒక ఖాళీ మిగులుతుంది. పవిత్రత, సంబంధం, సర్పిలం, మార్పు, మడతబందు అనే అర్థాలన్నీ 'హెయియా' అనే ఒకే మాటలో ఉన్నాయి. తలుపును గోడకు పట్టి ఉంచేదీ, తలుపును కదలనిచ్చేదీ మడతబందే. కెష్ దృష్టిలో పవిత్రమైనది అటువంటిది.

క్రతువుకు, నృత్యానికి వారి మాట 'వక్వ'. అదే మాటకు నీటి ఊట అనే అర్థం కూడా ఉంది. శీతాకాలపు అయనాంతం వేళ సూర్యుడి నృత్యం, వసంత విషువత్తు వేళ లోకనృత్యం, ఆ తరువాత చంద్రుడి నృత్యం, ఇంకా నీరు, ద్రాక్షసారాయి, గడ్డి మొదలైనవాటి పేర్లతో మరికొన్ని నృత్యాలు సంవత్సరమంతా పరచుకుని ఉంటాయి. లోకనృత్యం దుఃఖంతో మొదలవుతుంది. తొలిరాత్రి మంట చుట్టూ చేరి, ఆ యేడు చనిపోయినవారిని తలచుకుంటారు. లోకం కొత్తదయ్యేది మృతులను సాగనంపిన తరువాతే.

3. కాలం: చక్రమా, సర్పిలమా?

మిర్చా ఎలియాడ్ 1949లో ప్రకటించిన ప్రసిద్ధ సిద్ధాంతం ప్రకారం, ప్రాచీన సమాజాలలో క్రతువు కాలాన్ని రద్దు చేస్తుంది. సంవత్సరాది వేళ లోకం మళ్లీ సృష్టి మొదటి క్షణానికి చేరుకుంటుంది; గడచిన చరిత్ర భారం చెరిగిపోతుంది. కెష్ క్రతువులు పైకి ఈ నమూనాకు సరిపోయినట్లు కనిపిస్తాయి. కాని వారి చిహ్నం వలయం కాదు, సర్పిలం. వలయంలో తిరిగేవాడు బయలుదేరిన చోటికే చేరుతాడు. సర్పిలంలో తిరిగేవాడు అదే దిక్కుకు వస్తాడు గాని అదే బిందువుకు రాడు.

నవలలోని ప్రధాన జీవితకథ దీనికి ఉదాహరణ. ఒక స్త్రీ కెష్ తల్లికీ కండోర్ సేనాపతికీ పుట్టింది. బాల్యంలో ఆమె పేరు 'ఉత్తరపు గుడ్లగూబ'. తండ్రి వెంట యుద్ధప్రియులైన కండోర్ జనుల నగరానికి వెళ్లి, అక్కడ స్త్రీల నిర్బంధాన్ని అనుభవించి, తిరిగి వచ్చినప్పుడు 'ఇంటికి వస్తున్న స్త్రీ' అవుతుంది. వృద్ధాప్యంలో 'రాయి చెప్పడం' అనే పేరు ధరిస్తుంది. ఊరు అదే, నృత్యాలు అవే. వచ్చిన మనిషి మాత్రం వెళ్లిన మనిషి కాదు. క్రతువు ఆమె గతాన్ని చెరిపివేయదు. ఆ గతంతో సహా ఆమెను వరుసలో నిలుపుకుంటుంది.

చరిత్ర క్రమాన్ని భద్రపరచే పని కెష్ ప్రజలు యంత్రాలకు వదిలివేశారు. స్వయంప్రేరితమైన యంత్రవ్యవస్థ ఒకటి లోకంలోని సమాచారమంతటినీ దాచి ఉంచుతుంది, అడిగినవారికి ఇస్తుంది. కెష్ వారు అరుదుగా అడుగుతారు. వారి గ్రంథాలయాలు సైతం కొన్ని పుస్తకాలను అట్టిపెట్టుకోకుండా ఎప్పటికప్పుడు విడనాడతాయి. తేదీలవారీ కాలాన్ని యంత్రానికి అప్పగించి, ఋతువుల కాలాన్ని దేహానికి అప్పగించుకున్న సమాజం ఇది. ఈ ఏర్పాటు ఆకర్షణీయమైనది. అయితే అందులో ఒక ప్రమాదం దాగి ఉంది. మరచిపోవడం కూడా ఒక సద్గుణంగా కనిపించసాగుతుంది. ఈ విషయం ఆరవ భాగంలో మళ్లీ చర్చకు వస్తుంది.

4. శక్తి: అపూర్వం, సామూహికావేశం, ఖాళీ

క్రతువు ఒక శక్తిని పుట్టిస్తుందనే భావనకు మీమాంసకులు చెప్పిన వివరణ 'అపూర్వం'. యాగం నేడు ముగుస్తుంది. స్వర్గఫలం ఎప్పుడో కలుగుతుంది. నశించిన కర్మ రాబోయే ఫలానికి ఎలా కారణం కాగలదు? ఆ రెండింటి నడుమ కంటికి కనబడని సామర్థ్యమొకటి నిలిచి ఉంటుందని, అదే అపూర్వమని వారు నిర్ణయించారు. కనుక అపూర్వం కాలంలోని ఖాళీని పూరించే శక్తి.

ఎమిల్ దుర్ఖైమ్ 1912లో మరో సమాధానం చెప్పాడు. క్రతువేళ జనం గుమిగూడినప్పుడు కలిగే సామూహికావేశమే వారు అనుభవించే శక్తి. దానిని వారు దైవమని పేరు పెట్టి పిలుస్తారు. నిజానికి అది సమాజపు బలమే. పంచాంగం కూడా సమాజజీవనపు లయకు అక్షరరూపమేనని ఆయన భావం.

కెష్ వ్యవస్థ ఈ రెండింటికీ పూర్తిగా లొంగదు. వారి నృత్యం భావిఫలం కోసం శక్తిని నిలువచేయదు, పాల్గొనడమే ఫలం. ఆ మేరకు అపూర్వం వారికి అక్కరలేదు. వారి సమాజంలో మృతులు, జంతువులు, రాళ్లు, వాన కూడా సభ్యులే కాబట్టి దుర్ఖైమ్ గీసిన మానవసమాజపు గిరి వారికి చాలదు. పైగా వారి చిహ్నంలో శక్తిస్థానం ఖాళీ. రెండు సర్పిలాలు కలిసిపోతే చలనం ఆగిపోతుంది. భూమి ఇళ్లకూ ఆకాశపు ఇళ్లకూ, బతికినవారికీ పోయినవారికీ నడుమ ఆ ఎడం ఉన్నందువల్లనే ఇచ్చిపుచ్చుకోవడం సాధ్యమవుతుంది. వారి భాషలో కలిగి ఉండటానికీ ఇవ్వడానికీ ఒకే మాట ఉండటం దీనికి అనుగుణమైనదే. ఇచ్చేవాడే ధనవంతుడు. కనుక కెష్ క్రతువులోని విశ్వశక్తిని ఋణసంబంధమని వ్యాఖ్యానించవచ్చు. నృత్యం చేసేవాడు శక్తిని పొందడం కన్న ముందు తాను ఎవరెవరికి బాకీపడి ఉన్నాడో లెక్క చూసుకుంటాడు.

5. విధి లేని అర్థవాదం

ఈ వ్యవస్థ ఎంత సమగ్రమైనదైనా దీనిని ఎవరు కల్పించారో పాఠకుడికి తెలుసు. ఇక్కడ మీమాంసకుల పౌరుషేయత్వ విచారం ఉపకరిస్తుంది. పురుషుడు చెప్పిన మాటలో భ్రమ, ప్రమాదం, వంచన వంటి దోషాలకు అవకాశం ఉంది కనుక, కర్త లేని వేదవాక్యానికే ధర్మవిషయంలో స్వతఃప్రామాణ్యం అని వారి వాదం. ఈ కొలతతో చూస్తే కల్పితమతం మొదటి మెట్టు మీదనే ఓడిపోతుంది.

కాని అదే శాస్త్రం మరో రెండు విషయాలు చెబుతుంది. మొదటిది, క్రతువు సఫలం కావడానికి దేవత శరీరంతో వచ్చి హవిస్సు భుజించనక్కరలేదు. మంత్రంలోని శబ్దమే దేవత అని శబరస్వామి తదితరుల మతం. అంటే క్రతువుకు ఆధారం దేవతాస్తిత్వం కాదు, విధి. కల్పితదేవతల కారణంగానే కల్పితక్రతువు అసత్యమని తేల్చడం ఈ దృష్టిలో చెల్లదు. రెండవది, వేదంలోని కథలు అర్థవాదాలు. వాటికి స్వతంత్రంగా ప్రామాణ్యం లేదు. 'చేయవలెను' అని చెప్పే విధివాక్యానికి అంగమై, ఆ కర్మను ప్రశంసించినప్పుడే అవి ప్రమాణమవుతాయి.

ఈ విభజన కెష్ క్రతువుల స్థితిని స్పష్టం చేస్తుంది. అవి విధి లేని అర్థవాదాలు. నృత్యాన్ని ప్రశంసించే కథ ఉంది. నృత్యం చేయమని పాఠకుడిని ఆజ్ఞాపించే వాక్యం లేదు. క్రతువిధానం అనే కల్పం ఉంది, కల్పన ఉంది, సంకల్పం లేదు. సంకల్పానికి 'నేడు', 'ఇక్కడ', 'నేను' అనే మూడూ కావాలి. కెష్ జనుల కాలం ఏ పంచాంగంలోనూ లేదు. నవల ప్రథమవాక్యంలోనే భూతభవిష్యత్తులు రెండూ కలిసిన విచిత్రమైన క్రియారూపంతో వారు పరిచయమవుతారు. స్థలం ఉంది గాని అది ఇంకా రాలేదు. 'నేను' అని చెప్పేందుకు అక్కడ ఎవరూ లేరు.

దీనికి ఒక ఆక్షేపణ ఉంది. అన్ని క్రతువులనూ ఎవరో ఒకరు ఎప్పుడో ఒకప్పుడు కల్పించినవారే కదా. పాతబడినంత మాత్రాన కల్పన ప్రమాణమవుతుందా? ఆక్షేపణ సబబైనదే. సమాధానం ప్రాచీనతలో వెదకనక్కరలేదు. నీటిని పంచుకునే కల్పితక్రతువును కొందరు నిజంగా ఒక దినాన, ఒక చోట, తమ పేర్లతో చేయగానే దానికి సంకల్పం ఏర్పడింది. కల్పన శాశ్వతమైన అనర్హత కాదు. అయితే సంకల్పం చెప్పుకున్నవాడు ఆ క్షణం నుంచి తప్పగలడు కూడా. మాట ఇచ్చి నిలుపుకోకపోవచ్చు, పంచుకుంటానన్నది దాచుకోవచ్చు. కర్మలో వైగుణ్యం కలిగితే ప్రాయశ్చిత్తం చేయాలని శాస్త్రం చెప్పడంలోని ఆంతర్యం ఇదే. తప్పిపోగలిగినదే క్రతువు.

లెగ్విన్ ఈ సూక్ష్మాన్ని ఎరిగినట్లే కనిపిస్తుంది. కండోర్ జనుల ప్రభావంతో లోయలో యోధుల సంఘం ఒకటి తలెత్తుతుంది. దాని క్రతువులు సమాజాన్ని చీలుస్తాయి. చివరికి సభ కూడి దానిని రద్దు చేయవలసివస్తుంది. కల్పితలోకం లోపల క్రతువు చెడిపోగలదు. కాని ఆ చెడుగు వల్ల పుస్తకం బయట ఎవరికీ నష్టం లేదు.

6. హాని, ఋణం, నాపా లోయ

పుస్తకం బయటి సంగతి వేరు. కెష్ లోయకు ఉత్తరాన, క్లామత్, ట్రినిటీ నదుల తీరాలలో యూరోక్, కరుక్, హూపా ప్రజలు తరతరాలుగా లోకనవీకరణ క్రతువులు చేస్తున్నారు. నియతస్థలాలలో నియతవాక్యాలు చదివి, తెల్లజింక చర్మాల నృత్యం, దూకుడు నృత్యం చేసి, లోకాన్ని తిరిగి సరిగా నిలబెట్టడం వాటి లక్ష్యం. వీటికి లోకనవీకరణమనే పేరుతో ప్రామాణికమైన అధ్యయనం 1949లో వెలువడింది. రచయితలు ఎ. ఎల్. క్రోబర్, ఇ. డబ్ల్యు. గిఫర్డ్. క్రోబర్ లెగ్విన్ తండ్రి.

ఈ క్రతువులకు ముందు కొందరు కొండల పైభాగానికి వెళ్లి, ఏకాంతంలో సిద్ధపడతారు. ఆ ప్రదేశం మీదుగా రహదారి వేయాలని అమెరికా అటవీశాఖ తలపెట్టింది. వివాదం సుప్రీంకోర్టుకు వెళ్లింది. ఆ నిర్మాణం వల్ల వారి మతాచరణ దాదాపు అసాధ్యమయ్యే పక్షంలో కూడా ప్రభుత్వం తన భూమిని వాడుకోవడాన్ని రాజ్యాంగం అడ్డగించదని 1988లో 'లింగ్' కేసులో ఆధిక్య తీర్పు వచ్చింది. ఇతర చట్టాల రక్షణ వల్ల ఆ రహదారి పూర్తికాలేదు. ఒక రహదారి చాలు, నిజమైన క్రతువును ఆపడానికి. కల్పితక్రతువును ఏ రహదారీ ఆపలేదు. హాని పొందగలగడమే ఈ రెండింటికీ అసలైన భేదం. సత్యాసత్యాలు ఆ తరువాతి మాట.

ఇక నాపా లోయలోనే బతికినవారు వాప్పో ప్రజలు. కల్పిత కెష్ భాషకు నిఘంటువు అచ్చయిన 1985 నాటికి వాప్పో భాషను ధారాళంగా మాట్లాడగల ఆఖరి వ్యక్తి, బుట్టల అల్లికలో ప్రసిద్ధురాలైన లారా ఫిష్ సోమర్సల్ జీవించే ఉన్నారు. 1990లో ఆమె మరణించారు. ఆమెతో చేసిన పని ఆధారంగా భాషాశాస్త్రజ్ఞులు రూపొందించిన వాప్పో వ్యాకరణం 2006లో వెలువడింది. ఒకే లోయకు రెండు భాషలు: ఒకటి పుడుతున్నది కల్పనలో, మరొకటి అస్తమిస్తున్నది ఒక మనిషి కంఠంలో. ఈ సమకాలీనతను పక్కనపెట్టి కెష్ క్రతువులను సౌందర్యదృష్టితో మాత్రమే చదవడం అసంపూర్ణ పఠనం.

ఈ ఋణానికి మరో పొర ఉంది. యాహీ తెగలో మిగిలిన చివరివాడు ఇషీ 1911లో బయటి ప్రపంచానికి కనిపించాడు. క్రోబర్ బాధ్యతలో ఉన్న మ్యూజియంలో బతికి, 1916లో క్షయతో మరణించాడు. శరీరాన్ని కోయవద్దని క్రోబర్ దూరం నుంచి రాసినా శవపరీక్ష జరిగింది. తరువాత మెదడును స్మిత్సోనియన్ సంస్థకు పంపినది క్రోబరే. అది 2000లో గాని స్వజనుల చేతికి రాలేదు. లెగ్విన్ తల్లి థియోడోరా క్రోబర్ 1961లో ఇషీ జీవితచరిత్ర రచించింది. కాలిఫోర్నియా తెగలలో కొన్ని అంతరించాయని క్రోబర్ రాసిన మాటలు, బతికి ఉన్న ఆ ప్రజల గుర్తింపుకు తరువాతి కాలంలో అడ్డంకి అయ్యాయనే విమర్శ ఉంది. బర్క్‌లీలోని విశ్వవిద్యాలయం 2021లో ఒక భవనానికి ఉన్న ఆయన పేరును తొలగించింది.

సాహిత్యం బాకీలు తీర్చే సాధనం కాదని, నవలను చరిత్ర తరఫున బోనెక్కించడం అన్యాయమని ఎవరైనా అనవచ్చు. మామూలు నవల విషయంలో ఆ మాట ఒప్పుకోదగినదే. కాని ఈ రచన ఎన్నుకున్న రూపం జాతివర్ణన. పటం, నిఘంటువు, క్రతువర్ణన ఆ శాస్త్రం నుంచి తెచ్చుకున్నవి. రూపాన్ని అరువు తెచ్చుకున్న రచనను ఆ రూపం మోసిన చరిత్రను గురించి ప్రశ్నించడం సముచితం.

లెగ్విన్ ఆ లోయలోని ఏ తెగ క్రతువునూ పేరుపెట్టి ఎత్తుకురాలేదు. పూర్తిగా కొత్త వ్యవస్థను నిర్మించింది. ఇతరుల పవిత్రవస్తువును ముట్టకపోవడం ఒక నియమనిష్ఠ. దానికి మర్యాద దక్కవలసిందే. అయితే ముట్టకపోవడం వల్ల ఒక ఖాళీ ఏర్పడింది. ఆ ఖాళీలో కల్పితజనులు నివసిస్తుండగా, అసలు నివాసులు ఎప్పుడో గతించినవారనే భ్రమ పాఠకుడికి కలగవచ్చు. వాప్పో సంతతివారు మాత్రం ఈ శతాబ్దంలో కూడా ప్రభుత్వ గుర్తింపు కోసం న్యాయస్థానాలలో పోరాడారు. తేదీల కాలాన్ని యంత్రానికి వదిలివేయడం కెష్ ప్రజలకు స్వేచ్ఛ కావచ్చు. ఎవరు ఎప్పటినుంచి అక్కడ ఉన్నారో తేదీలతో నిరూపించుకోవలసిన ప్రజలకు అది అందని సౌఖ్యం.

7. ఉపసంహారం

పై చర్చ వల్ల తేలే అంశాలు మూడు. క్రతువు కల్పితమైనందువల్ల అసత్యం కాదు; మీమాంసాదృష్టిలో సైతం దేవత ఉనికి క్రతుప్రామాణ్యానికి అవసరం కాదు. క్రతువులోని కాలం, శక్తి అనేవి ఋణసంబంధాలుగా అర్థమైనప్పుడు వాటి నైతికస్వరూపం స్పష్టమవుతుంది. కెష్ నృత్యాలు ఆ సంబంధాన్ని అపూర్వమైన సమగ్రతతో చిత్రించాయి. అయితే సంకల్పం లేనందువల్ల అవి తప్పిపోలేవు, హాని పొందలేవు. అందుచేత తమంతట తాము ఎవరినీ బద్ధుణ్ణి చేయలేవు.

కనుక కల్పితక్రతువు విలువ అది పాఠకుడిని ఎటు నడిపిస్తుందనే దానిపై ఆధారపడుతుంది. ఋణభావాన్ని రుచి చూపి, అక్కడితో తీరిపోయిందనే తృప్తిని కలిగిస్తే అది సులభమైన పుణ్యం. అర్థవాదం విధిని వెతుక్కున్నట్లు, అది పాఠకుడిని బతికి ఉన్న క్రతువుల వైపు, వాటికి అడ్డంగా వచ్చే రహదారుల వైపు, ఒకే గొంతులో మిగిలిన భాషల వైపు నడిపిస్తే అప్పుడది సార్థకం. నవల చదివి నాపా లోయను కెష్ లోయగా మాత్రమే గుర్తుంచుకున్న పాఠకుడికి లోకనృత్యం తొలిరాత్రి ఇంకా మొదలు కాలేదు. ఆ రాత్రి మంట ముందు ముందుగా తలచుకోవలసినది ఆ నేల మీద నిజంగా బతికి పోయినవారిని, ఇంకా బతుకుతున్నవారు ఆ మంట చుట్టూ నిలబడి ఉండగా.